కరెంటు బిల్లు గొడవ: ఏ కోర్టుకన్నది నోటీసు చెబుతుంది

ప్రశ్న: మాది తెలంగాణలో ఒక చిన్న పట్టణం. ఇల్లు మా నాన్నగారిది. ఆయన పోయి నాలుగేళ్ళయినా కరెంటు సర్వీసు ఇంకా ఆయన పేరు మీదే నడుస్తోంది. పోయిన ఏడాది జులైలో మీటరు డిస్‌ప్లే పోయింది. రీడింగుకు వచ్చే అబ్బాయికి చెప్పాను, లైన్‌మన్‌కీ చెప్పాను. "మారుస్తారు లెండి" అన్నారు. తొమ్మిది నెలలు నెలకు నూరు రూపాయల చొప్పున కనీస చార్జీల బిల్లు వచ్చింది, కట్టాను. మార్చి ఆఖర్లో కొత్త మీటరు పెట్టారు. ఏప్రిల్‌లో ఏసీ కొన్నాం. అప్పటి నుంచి జూన్ దాకా మూడు నెలలూ 340 యూనిట్ల చొప్పున, రూ.2,300 దాకా బిల్లు వచ్చింది. అదీ కట్టాను. ఇప్పుడు అదే 340 యూనిట్ల లెక్క పాత తొమ్మిది నెలలకూ వేసి రూ.20,140 కట్టమని నోటీసు ఇచ్చారు. మీటరు చెడకముందు మాకు నెలకు 140 యూనిట్లు దాటేది కాదు. ఆఫీసుకు వెళ్ళి అడిగితే కట్టకపోతే ఫ్యూజు పీకుతామన్నారు. ముందుగదిలో మా ఆవిడ కుట్టు మిషన్ ఉంది. "ఎక్కువ మాట్లాడితే కమర్షియల్ కేసు రాస్తాం" అని కూడా అన్నారు. మా బావమరిది కన్జ్యూమర్ కోర్టులో వెయ్యమంటున్నాడు. తెలిసిన వకీలు గారు హైకోర్టు అంటున్నారు. సర్వీసు నా పేరు మీద లేదు కాబట్టి నాకసలు కేసు వేసే హక్కే లేదని ఇంకొకరు అంటున్నారు. ఏం చెయ్యమంటారు?

సమాధానం: మీ ఉత్తరంలో అన్నీ ఉన్నాయి గాని ఒక్క ముఖ్యమైన సంగతి లేదు. ఆ నోటీసు మీద ఏ సెక్షన్ రాశారు? దాన్ని మళ్ళీ ఒకసారి బయటికి తీసి పైనుంచి కింద దాకా చదవండి. మీరు ఏ తలుపు తట్టాలన్నది ఆ ఒక్క సంగతి మీదే ఆధారపడి ఉంది. కరెంటు ఆఫీసు ఇచ్చే డిమాండు కాగితాలన్నీ పైకి ఒకేలా కనిపిస్తాయి. చట్టం దృష్టిలో మాత్రం అవి మూడు రకాలు. మీటరు చెడిపోయినందువల్లనో, లెక్క తప్పినందువల్లనో తక్కువ బిల్లు వచ్చింది, ఆ తేడా కట్టమనడం ఒకటి. దీన్నే ఆఫీసులో షార్ట్ బిల్లింగ్ అంటారు. అనుమతి లేని పనికి కరెంటు వాడారని విద్యుత్ చట్టం 2003లోని 126 సెక్షన్ కింద అసెస్‌మెంట్ చెయ్యడం రెండోది. 135 సెక్షన్ కింద దొంగతనం కేసు మూడోది. మీరు చెప్పిన వివరాలను బట్టి మీది మొదటి రకం. అది కాగితం మీద కూడా అలాగే ఉందని నిర్ధారించుకోండి. నోటీసులో 126 అని గాని 135 అని గాని ఉంటే నేను కింద చెప్పేదంతా మారిపోతుంది. ఆ సంగతి తర్వాత చెబుతాను.

కోర్టు గురించి ఆలోచించే ముందు కరెంటు పోకుండా చూసుకోవాలి. ఒకసారి ఫ్యూజు పీకాక మనిషి న్యాయం సంగతి మరిచిపోయి, ఎంతంటే అంత కట్టేసి బయటపడదాం అనుకుంటాడు. అది మీకు జరగకూడదు. అదే చట్టంలోని 56వ సెక్షన్ ప్రకారం బాకీ పేరుతో సరఫరా ఆపాలంటే ముందు రాతపూర్వకంగా నోటీసు ఇచ్చి, పూర్తిగా పదిహేను రోజులు గడువు ఇవ్వాలి. కౌంటర్ దగ్గర నోటితో చెప్పిన మాట నోటీసు కాదు.

ఆ సెక్షన్‌లోనే మీకు పనికొచ్చే మినహాయింపు ఇంకొకటి ఉంది. బిల్లు మీద వివాదం ఉన్నప్పుడు వినియోగదారుడు అభ్యంతరం తెలుపుతూ కొంత సొమ్ము డిపాజిట్ చేస్తే, ఆ వివాదం తేలేదాకా సరఫరా ఆపకూడదు. ఎంత కట్టాలి? వాళ్ళు అడిగిన మొత్తం గాని, గడిచిన ఆరు నెలల్లో మీరు కట్టిన చార్జీల సగటును నెలకు ఇంత అని లెక్కగడితే వచ్చే మొత్తం గాని, రెండింటిలో ఏది తక్కువైతే అది. మీ లెక్క చూద్దాం. జనవరి నుంచి మార్చి దాకా నెలకు నూరు, ఏప్రిల్ నుంచి జూన్ దాకా నెలకు రూ.2,300. ఆరు నెలలకు రూ.7,200, సగటున నెలకు రూ.1,200. వివాదంలో ఉన్న తొమ్మిది నెలలకు రూ.10,800. వాళ్ళు అడిగిన రూ.20,140 కంటే ఇది తక్కువ కాబట్టి ఇది కడితే చాలు. మీరు నిజంగా బాకీ ఉన్నదానికంటే ఇది కూడా ఎక్కువేనని నా అభిప్రాయం, ఎందుకో కింద చెబుతాను. అయినా ఇది డిపాజిటే గాని ఒప్పుకోలు కాదు. తేలాక ఎక్కువైనదాన్ని వచ్చే బిల్లుల్లో సర్దించుకోవచ్చు.

కట్టే పద్ధతి మాత్రం జాగ్రత్తగా ఉండాలి. కౌంటర్‌లో కంప్యూటరు సగం మొత్తం తీసుకోనంటుంది, కౌంటర్‌లో ఉన్నవాళ్ళు "ఫుల్ కట్టండి లేకపోతే లేదు" అంటారు. అక్కడ వాదించి లాభం లేదు. ఈఆర్‌ఓలో, అంటే బిల్లుల లెక్కలు చూసే ఆఫీసులో, ఉండే ఏఏఓ (అసిస్టెంట్ అకౌంట్స్ ఆఫీసర్) పేర ఉత్తరం రాయండి. సర్వీసు నంబరు, నోటీసు తేదీ, "56వ సెక్షన్ కింద అభ్యంతరంతో డిపాజిట్ చేస్తున్నాను, ఈ బాకీని నేను అంగీకరించడం లేదు" అన్న వాక్యం అందులో ఉండాలి. కాపీ మీద తేదీతో ముద్ర వేయించుకోండి. తీసుకోబోమని వాళ్ళంటే డీడీ జతచేసి అక్‌నాలెడ్జ్‌మెంట్‌తో స్పీడ్ పోస్టులో పంపండి. ఏఈ (అసిస్టెంట్ ఇంజనీర్)కీ, ఏడీఈ (అసిస్టెంట్ డివిజనల్ ఇంజనీర్)కీ కాపీలు పెట్టండి. ఇక మీదట వచ్చే నెలవారీ బిల్లులు ఒక్కటీ ఆపవద్దు. పాత గొడవ ఉందని కొత్త బిల్లు కట్టడం మానేస్తే, కరెంటు తియ్యడానికి వాళ్ళకు ఏ వివాదమూ లేని కారణం మీరే ఇచ్చినట్టవుతుంది.

"వాయిదాల్లో కట్టుకోండి, ఒక అర్జీ రాసివ్వండి" అని కూడా అంటారు. మంచి మాటలాగే వినిపిస్తుంది. అయితే ఆ అర్జీలో "నేను బాకీ ఉన్న రూ.20,140" అని రాశారంటే రేపు దాన్నే మీ ముందు పెడతారు. వాయిదాలు అడిగినా సరే, "నా అభ్యంతరాలకు లోబడి" అన్న మాట లేకుండా దేని మీదా సంతకం పెట్టకండి.

ఇక అసలు లెక్క. ఒక సంగతి ముందే చెబుతాను, మీకు రుచించకపోవచ్చు. తొమ్మిది నెలలు ఇంట్లో ఫ్యాన్లు తిరిగాయి, ఫ్రిజ్ నడిచింది, మీరు కట్టింది నెలకు నూరు. ఆ తేడా మొత్తం ఎగిరిపోవాలని అడిగితే ఏ వేదిక మీదా నిలబడదు. వాడుకున్న కరెంటుకు కట్టాలి. ఎంత వాడుకున్నారన్నదే మీ కేసు. మీ బలమంతా అక్కడే ఉంది.

తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ రెండు చోట్లా మీటర్ల సంగతి చూసేది 2006 నాటి సరఫరా నిబంధనలు. ఆఫీసులో వాటిని జీటీసీఎస్ అంటారు. మీటరు పనిచెయ్యని కాలానికి యూనిట్లు ఎలా లెక్కగట్టాలో అందులో ఉంది. అది చెడిపోవడానికి ముందు మూడు బిల్లింగ్ సైకిళ్ళ సగటు తీసుకోవాలి, ఆ మూడు నెలల్లో వాడకం పరిస్థితులు తర్వాతి కాలానికి భిన్నంగా ఉండకూడదు. మీ మీటరు పోయింది జులైలో. దానికి ముందు మూడు నెలలంటే పోయిన ఏడాది ఏప్రిల్, మే, జూన్. అవి ఎండాకాలపు నెలలే. కాబట్టి "చలికాలం వాడకం చూపించి తక్కువ లెక్క చెప్పాడు" అని వాళ్ళు అనడానికి లేదు. ఆ మూడు నెలల బిల్లుల్లో 140 యూనిట్ల లోపే ఉంటే, తొమ్మిది నెలలకూ అదే ప్రాతిపదిక. కొత్త మీటరు చూపించిన 340 యూనిట్లు ఏసీ వచ్చాకటివి. అది లేని నెలలకు ఆ లెక్క ఎలా వేస్తారు? ఏసీ కొన్న షాపు బిల్లు మీ దగ్గర ఉండే ఉంటుంది. ఈ కేసులో దాన్ని మించిన సాక్ష్యం లేదు, జాగ్రత్తగా దాచండి.

ఈ తేడా డబ్బులో ఎంతవుతుందో చూడండి. తెలంగాణలో 2022-23 టారిఫ్ ఉత్తర్వుల్లో పెట్టిన ఇంటి రేట్లు తీసుకుంటే, నెలకు 100 యూనిట్లు దాటి 200 మించని ఇంటికి మొదటి 100 యూనిట్లకు రూ.3.40, ఆపైన రూ.4.80. 140 యూనిట్లకు 340, 192 కలిపి రూ.532. అదే 200 దాటితే మొదటి యూనిట్ నుంచే రేటు మారిపోతుంది. 200 దాకా రూ.5.10, 201 నుంచి 300 దాకా రూ.7.70, 301 నుంచి 400 దాకా రూ.9. అంటే 340 యూనిట్లకు 1,020, 770, 360 కలిపి రూ.2,150. యూనిట్లు రెండున్నర రెట్లు కూడా పెరగలేదు, చార్జీ మాత్రం నాలుగు రెట్లయింది. తొమ్మిది నెలలకు మొదటి లెక్కన రూ.4,788, రెండో లెక్కన రూ.19,350. ఫిక్స్‌డ్ చార్జీలు, కస్టమర్ చార్జీలు, సుంకం వేరే. మీరు అప్పట్లో కట్టిన తొమ్మిది వందలు ఇందులోంచి తగ్గాలి. ఈ లెక్కను ఒక తెల్లకాగితం మీద మీరే వేసుకుని ఫిర్యాదుకు జతచెయ్యండి. "అన్యాయం జరిగింది" అన్న పేజీ కంటే ఇలాంటి నాలుగు వరుసల లెక్క విచారణలో ఎక్కువ పనిచేస్తుంది.

మీలా డిస్‌ప్లే పోకపోయినా, తలుపు తాళం వేసి ఉందని నాలుగైదు నెలల రీడింగు ఒకేసారి తీసి, మొత్తం యూనిట్లను ఒకే నెల కింద చూపించిన బిల్లులతో ఇబ్బంది పడే పాఠకులూ ఉన్నారు. వాళ్ళకూ ఈ స్లాబుల సంగతే ప్రాణం. ఆ యూనిట్లను నెలలకు పంచి, ఏ నెలకు ఆ నెల స్లాబు వెయ్యమని అడగాలి.

వాళ్ళ వైపు లోపం కూడా ఉంది. కేంద్రం 2020లో తెచ్చిన విద్యుత్ వినియోగదారుల హక్కుల నిబంధనల ప్రకారం ఒక ఆర్థిక సంవత్సరంలో రెండుకు మించి తాత్కాలిక బిల్లులు ఇవ్వకూడదు. మీకు అసలు రీడింగు లేకుండా తొమ్మిది ఇచ్చారు. మీరు లైన్‌మన్‌కు నోటితో చెప్పారు గాని కాగితం లేదు. పోనీ, 1912కు ఎప్పుడైనా ఫోన్ చేసి ఉంటే ఆ ఫిర్యాదు నంబరు వెతకండి. పాత మీటరు ఎక్కడుందో కూడా రాతపూర్వకంగా అడగండి. దాన్ని ఎంఆర్‌టి ల్యాబులో పరీక్షించారా, రిపోర్టు ఏమిటి, పరీక్షించకపోతే మీ సమక్షంలో పరీక్షించమనండి. తీసేసిన రోజు మీటరు నంబరు, సీళ్ళు, ఆఖరి రీడింగు రాసి మీ సంతకం తీసుకున్న కాగితం కాపీ కావాలని కూడా అడగండి. ఇప్పుడే అడగకపోతే ఆ మీటరు తుక్కులో పడిపోతుంది.

ఒక చిన్న పని ఈ రోజే చెయ్యండి. స్పాట్ బిల్లింగ్ యంత్రంలోంచి వచ్చే ఆ సన్నటి చీటీలు కొన్ని నెలలకే తెల్లబడిపోతాయి. రెండేళ్ళ బిల్లులను జిరాక్స్ తీయించండి, ఫోన్‌లో ఫొటోలు కూడా తియ్యండి. లేనివాటికి ఈఆర్‌ఓలో మీ సర్వీసు లెడ్జరు కాపీ అడగండి. ఏ నెల ఎన్ని యూనిట్లో, ఎంత కట్టారో వరుసగా అందులో ఉంటుంది.

ఇప్పుడు మీరు అడిగిన ప్రశ్నకు వస్తాను. నన్నడిగితే మీరు మొదట వెళ్ళాల్సింది బావమరిది చెప్పిన చోటికీ కాదు, వకీలు గారు చెప్పిన చోటికీ కాదు. విద్యుత్ వినియోగదారుల ఫిర్యాదుల పరిష్కార వేదికకు, అంటే సీజీఆర్‌ఎఫ్‌కు వెళ్ళండి. చట్టంలోని 42వ సెక్షన్ ప్రకారం ప్రతి డిస్కం, అంటే కరెంటు పంపిణీ సంస్థ, దీన్ని ఏర్పాటు చెయ్యాలి. దక్షిణ తెలంగాణ డిస్కం టీజీఎస్పీడీసీఎల్ పరిధిలో గ్రేటర్ హైదరాబాద్‌కు ఒకటి, మిగతా జిల్లాలకు ఒకటి ఉన్నాయి. ఉత్తర తెలంగాణ డిస్కం టీజీఎన్పీడీసీఎల్‌కు వరంగల్‌లోనూ నిజామాబాద్‌లోనూ ఉన్నాయి. ఆంధ్రప్రదేశ్ పాఠకులైతే తమ డిస్కంను బట్టి తిరుపతి, విజయవాడ, విశాఖపట్నం వేదికలకు వెళ్ళాలి. ఫీజు లేదు, వకీలు అక్కర్లేదు, తెలుగులో రాసిస్తే చాలు. వేదిక వాళ్ళే అప్పుడప్పుడు జిల్లాల్లో క్యాంపులు పెట్టి విచారణ చేస్తారు, మీ దగ్గర ఎప్పుడో ఏడీఈ ఆఫీసులో కనుక్కోండి. 2020 నిబంధనల ప్రకారం ఫిర్యాదు పరిష్కారానికి గరిష్ఠ గడువు 45 రోజులు.

"డిస్కం పెట్టిన వేదిక డిస్కంకే కదా వత్తాసు పలుకుతుంది" అని చాలామంది అంటారు. ఆ అనుమానం నాకు అర్థమవుతుంది. అయినా మీ గొడవ మీటరు సగటు గురించి, స్లాబు గురించి. జీటీసీఎస్ చేతిలో పెట్టుకుని కూర్చునే వాళ్ళు ఈ లెక్కను పది నిమిషాల్లో పట్టుకుంటారు. ఇంకెక్కడికి వెళ్ళినా ముందు వాళ్ళకు ఇది అర్థమయ్యేలా చెప్పడానికే రెండు వాయిదాలు పోతాయి. పైగా వేదిక నిర్ణయం నచ్చకపోతే అక్కడితో అయిపోదు. ఉత్తర్వు అందిన 30 రోజుల్లోగా విద్యుత్ అంబుడ్స్‌మన్‌కు వెళ్ళవచ్చు. అంబుడ్స్‌మన్‌ను నియమించేది డిస్కం కాదు, రాష్ట్ర విద్యుత్ నియంత్రణ మండలి. వేదిక గాని అంబుడ్స్‌మన్ గాని ఇచ్చిన ఉత్తర్వును ఆఫీసు అమలు చెయ్యకపోతే, 142వ సెక్షన్ కింద నియంత్రణ మండలి ముందు పిటిషన్ పెట్టవచ్చు. ఒక్కో ఉల్లంఘనకు లక్ష రూపాయల దాకా జరిమానా ఉంది. ఆ సెక్షన్ పేరు ఒక ఉత్తరంలో కనిపించినా సరే, ఆగిపోయిన ఫైలు కదులుతుంది.

ఫిర్యాదుతో పాటే కరెంటు తియ్యవద్దని మధ్యంతర ఉత్తర్వు కూడా అడగండి. డిపాజిట్ రసీదు జతచేసి ఉంటే అది ఇవ్వడానికి వాళ్ళకు అభ్యంతరం ఉండదు.

కన్జ్యూమర్ కోర్టు అనేది, అంటే జిల్లా వినియోగదారుల కమిషన్, మూసిన తలుపేమీ కాదు. 2019 నాటి వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం విద్యుత్ సరఫరా సేవ కిందికే వస్తుంది. వేదికకు ముందు వెళ్ళి తీరాలన్న నియమమూ లేదు. విద్యుత్ చట్టంలోని 42వ సెక్షనే, ఈ ఏర్పాటు వినియోగదారుడికి ఉన్న ఇతర హక్కులను తగ్గించదని చెబుతుంది. మీరున్న జిల్లాలోనే వెయ్యవచ్చు. ఐదు లక్షల దాకా ఫీజు లేదు. కారణం పుట్టిన నాటి నుంచి రెండేళ్ళ లోపు వెయ్యాలి. ఆన్‌లైన్‌లో కూడా దాఖలు చెయ్యవచ్చు. మరి నేనెందుకు అటు మొదట వెళ్ళవద్దంటున్నాను? రెండు కారణాలు. చట్టంలో మూడు నెలల్లో, పరీక్ష అవసరమైతే ఐదు నెలల్లో తేల్చాలని రాసి ఉన్నా వాయిదాల మీద వాయిదాలు సాగుతాయి. రెండోది, దీనికంటే ముఖ్యమైనది. ప్రేమ్ కాటెక్స్ కేసులో 2021 అక్టోబరులో సుప్రీంకోర్టు, ఇదివరకు తక్కువగా వేసిన బిల్లుకు తర్వాత అదనపు డిమాండు పెట్టడమే సేవాలోపం కాదని చెప్పింది. అందువల్ల "పాత నెలలకు ఇప్పుడు బిల్లు వేశారు" అని మాత్రమే రాసి వేస్తే మీ కేసు అక్కడే కుంటుపడుతుంది. మీటరు తొమ్మిది నెలలు మార్చకపోవడం, నిబంధనకు విరుద్ధంగా లెక్కగట్టడం, అడిగితే బెదిరించడం, ఇవీ మీరు రాయాల్సిన సేవాలోపాలు. బిల్లు సవరణతో ఆగకుండా, పడ్డ అవస్థకు నష్టపరిహారం కూడా కావాలనుకుంటే ఈ కమిషనే సరైన చోటు. అది వేదిక దగ్గర పని ముగిశాక, ఆ రెండేళ్ళ లోపే చూసుకోవచ్చు.

ఇంకో తలుపు ఉంది, దాని గురించి చాలామందికి తెలియదు. శాశ్వత లోక్ అదాలత్. కొన్ని నెలలకోసారి జరిగే మామూలు లోక్ అదాలత్ వేరు, ఇది వేరు. న్యాయసేవాధికార సంస్థల చట్టం కింద, కరెంటు, నీళ్ళు, పోస్టు, ఆస్పత్రి లాంటి ప్రజోపయోగ సేవల గొడవలకు పెట్టింది. ముందు రాజీకి ప్రయత్నిస్తుంది. కుదరకపోతే కేసు విని తీర్పు ఇచ్చే అధికారం కూడా దానికి ఉంది. కోర్టు ఫీజు లేదు, కోటి రూపాయల దాకా వివాదాలు తీసుకుంటుంది. ఆ అవార్డు మీద అప్పీలు ఉండదు. అది బలమూ అవుతుంది, ప్రమాదమూ అవుతుంది. ఓడితే హైకోర్టులో రిట్ తప్ప దారి లేదు. పైగా వేరే ఏ కోర్టుకూ వెళ్ళకముందే అక్కడికి వెళ్ళాలి. మీ జిల్లాకు ఏ బెంచి వర్తిస్తుందో జిల్లా కోర్టు ఆవరణలోని న్యాయసేవాధికార సంస్థలో చెబుతారు. 15100కు ఫోన్ చేసినా చెబుతారు. వకీలు కావాలంటే, మీ ఆవిడ పేరు మీద అర్జీ పెడితే ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా ఇస్తారు. మహిళలకూ, ఎస్సీ ఎస్టీలకూ ఆ హక్కు ఉంది.

హైకోర్టు సంగతి. రాజ్యాంగంలోని 226 అధికరణ కింద రిట్ వెయ్యవచ్చు, నిజమే. అయితే న్యాయమూర్తి అడిగే మొదటి ప్రశ్న, వేదిక ఉండగా ఇక్కడికెందుకు వచ్చారని. యూనిట్ల లెక్క తేల్చడం రిట్‌లో జరిగే పని కాదు. ఎక్కువసార్లు "వేదికకు వెళ్ళండి, అప్పటిదాకా ఇంత డిపాజిట్ చెయ్యండి, కరెంటు తియ్యకండి" అన్న ఉత్తర్వుతో బయటికి వస్తారు. దానికి వకీలు ఫీజు మీ వివాదపు సొమ్మును మించిపోవచ్చు. నోటీసు లేకుండా సరఫరా ఆపేసి, డిపాజిట్ ఇస్తామన్నా వినకుండా ఇల్లు చీకట్లో ఉంచితే మాత్రం అది రిట్‌కు సరైన సందర్భమే. అప్పుడు ఆలస్యం చెయ్యవద్దు.

వీటన్నిటిలో ఒకదాన్ని ఎంచుకోండి. అన్నిచోట్లా ఒకేసారి వేస్తే వాళ్ళు భయపడతారని కొందరు సలహా ఇస్తారు. కోర్టులో ఉన్న వివాదాన్ని వేదిక తీసుకోదు. రెండుచోట్లా ఉందని తెలిస్తే మీ మీదే అనుమానం వస్తుంది.

కుట్టు మిషన్ బెదిరింపు గురించి కొంచెం వివరంగా చెబుతాను, ఎందుకంటే భయపెట్టడానికి వాడే మాట ఇదే. 126 సెక్షన్ నిజంగానే కఠినమైనది. ఇంటి కనెక్షన్‌ను వేరే పనికి వాడారని తేలితే ఆ కేటగిరీకి వర్తించే రేటుకు రెండింతలు వేస్తారు. ఎప్పటి నుంచో తేలకపోతే పన్నెండు నెలల కాలానికి లెక్కగడతారు. దాని మీద సివిల్ కోర్టు దారి 145వ సెక్షన్ మూసేసింది. వినియోగదారుల కమిషన్ కూడా వినదని 2013లో యూపీ పవర్ కార్పొరేషన్, అనీస్ అహ్మద్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. కాని అది నోటి మాటతో అయ్యే పని కాదు. తనిఖీ చెయ్యాలి, తాత్కాలిక అసెస్‌మెంట్ ఉత్తర్వు మీ చేతికి ఇవ్వాలి, మీ అభ్యంతరం వినాలి, ఆ తర్వాతే తుది ఉత్తర్వు. తుది ఉత్తర్వు మీద 127వ సెక్షన్ కింద 30 రోజుల్లో, వేసిన మొత్తంలో సగం కట్టి, అప్పీలు చేసుకోవచ్చు. మీ ఆవిడ ఇంట్లోవాళ్ళ బట్టలు కుడుతున్నారా, బయటివాళ్ళవి డబ్బుకు కుడుతున్నారా నాకు తెలియదు. బోర్డు పెట్టి, మనుషుల్ని పెట్టుకుని నడుపుతుంటే ఇప్పుడే వేరే కనెక్షన్‌కు దరఖాస్తు చెయ్యండి, ఆ బెదిరింపుకు ఆస్కారమే ఉండదు. ఒక్క మిషన్ మీద ఇంటి పని చేసుకుంటుంటే భయపడి నోరు మూసుకోవద్దు. మీ బిల్లు మీద మీరు పెట్టిన ఫిర్యాదుకు జవాబుగా తనిఖీకి వస్తే, ఆ వరుస తేదీలే కక్షకు సాక్ష్యం అవుతాయి. అందుకే మీ ఫిర్యాదు ముందు నమోదు కావడం మంచిది. తనిఖీకి వచ్చినవాళ్ళు ఖాళీ పంచనామా మీద సంతకం అడిగితే పెట్టకండి. రాసింది చదివి, మీరు ఒప్పుకోనిది అక్కడే పక్కన రాసి సంతకం చెయ్యండి.

135, అంటే దొంగతనం కేసు, పూర్తిగా వేరు. అక్కడ వెంటనే సరఫరా ఆపే అధికారం ఉంది, పోలీసు ఫిర్యాదు ఉంటుంది, ప్రత్యేక కోర్టు విచారిస్తుంది. అలాంటి నోటీసు వచ్చినవాళ్ళు ఈ సమాధానం చదివి సొంతంగా ఏమీ చెయ్యకుండా ఆ రోజే క్రిమినల్ వకీలును కలవాలి.

మీ పేరు మీద సర్వీసు లేదన్న అభ్యంతరం నిలవదు. విద్యుత్ చట్టం 2(15)లో వినియోగదారుడంటే, సరఫరా తీసుకుంటున్న ఆవరణ ఎవరిదైతే వాళ్ళు కూడా. వినియోగదారుల చట్టంలో సేవను అనుమతితో వాడుకుంటున్న లబ్ధిదారుడూ వినియోగదారుడే. నాన్నగారి మరణ ధ్రువీకరణ పత్రం, కుటుంబ సభ్యుల సర్టిఫికెట్, ఇంటి పన్ను రసీదు జతచెయ్యండి. వేదిక ముందు "ఫలానా వారి కుమారుడు, ప్రస్తుతం నివాసం ఉంటున్న వినియోగదారుడు" అని రాయండి.

పాత బాకీల గురించి తరచూ అడిగేది ఒకటి, మీకు ఇప్పుడు అవసరం లేకపోయినా ఇక్కడే చెప్పేస్తాను. రెండేళ్ళు దాటిన బాకీ వసూలు చెయ్యకూడదని 56(2) చెబుతుంది, ప్రతి బిల్లులో దాన్ని బాకీగా చూపిస్తూ వస్తే తప్ప. దీన్ని పట్టుకుని పాత డిమాండంతా చెల్లదని అనుకోకండి. 2020 ఫిబ్రవరిలో అజ్మీర్ డిస్కం, రహమతుల్లా ఖాన్ కేసులో సుప్రీంకోర్టు, బాకీ కట్టాల్సిన బాధ్యత బిల్లు ఇచ్చినప్పుడే మొదలవుతుందనీ, రెండేళ్ళు దాటాక పొరపాటు బయటపడి వేసిన అదనపు డిమాండుకు కరెంటు తియ్యడం కుదరదు గాని, వసూలుకు వేరే చట్టబద్ధమైన దారులు ఉంటాయనీ చెప్పింది. మీది తొమ్మిది నెలల వ్యవహారం కాబట్టి ఈ వాదన జోలికి పోకండి. పనికిరాని వాదన జతచేస్తే మంచి వాదన కూడా పలచబడుతుంది.

ఫిర్యాదు పొడుగ్గా అక్కర్లేదు. ఇలా రాయండి: "సర్వీసు నంబరు ఫలానా. మీటరు డిస్‌ప్లే గత జులై నుంచి మార్చి దాకా పనిచెయ్యలేదు. ఆ తొమ్మిది నెలలకు ఫలానా తేదీ నోటీసులో, కొత్త మీటరు పెట్టాక వచ్చిన 340 యూనిట్ల ప్రకారం రూ.20,140 డిమాండు చేశారు. ఏప్రిల్‌లో ఏసీ కొన్నాను, బిల్లు జతచేశాను. జీటీసీఎస్ ప్రకారం మీటరు చెడకముందు మూడు బిల్లింగ్ సైకిళ్ళ సగటే ప్రాతిపదిక కావాలి. నా లెక్క జతచేశాను. డిమాండును ఆ మేరకు సవరించాలని, నేను కట్టిన కనీస చార్జీలను తగ్గించాలని, అభ్యంతరంతో డిపాజిట్ చేసిన సొమ్ములో మిగిలినదాన్ని రాబోయే బిల్లుల్లో సర్దాలని, ఆలస్యపు రుసుము వెయ్యవద్దని, విచారణ ముగిసేదాకా సరఫరా ఆపవద్దని కోరుతున్నాను." దీని కింద నోటీసు, రెండేళ్ళ బిల్లులు, డిపాజిట్ రసీదు, ఏసీ బిల్లు, ఏఏఓకు ఇచ్చిన ఉత్తరం కాపీ పెట్టండి. ఇంకొక సెట్ మీ దగ్గర ఉంచుకోండి.

విచారణ రోజు ఏడీఈ గాని ఏఏఓ గాని లిఖితపూర్వక సమాధానం దాఖలు చేస్తారు. దాని కాపీ అడిగి తీసుకోండి. అందులో పాత మీటరు పరీక్ష రిపోర్టు ఉందో లేదో, మూడు నెలల సగటు ఎందుకు పక్కన పెట్టారో కారణం రాశారో లేదో చూడండి. కారణం రాయకపోతే ఆ ఒక్క ప్రశ్నే అడిగి కూర్చోండి. పేరు మార్పిడి దరఖాస్తు మాత్రం ఈ ఉత్తర్వు వచ్చాకే పెట్టండి. సర్వీసు మీద బాకీ కనిపిస్తున్నంత కాలం దాన్ని కదలనివ్వరు, ఇప్పుడు పెడితే ఆ పేరుతో మొత్తం కట్టించుకుంటారు.